చాలేటట్టు చేసే మాట

ఆముదాలు వేగే వాసన ఈ మధ్య ఎక్కడా తగలడం లేదు. చెల్క నుంచి ఆముదపు గెలలు ఇంటికి చేరి, వాకిట్లో ఎండి, చిట్‌చిట్‌మని పగిలి గింజలు రాలినంక, మా నాయినమ్మ వాటిని పెంకు మీద దోరగా వేయించి, రోట్లో దంచి, పెద్ద కుండలో నీళ్ళు పోసి పొద్దంతా ఉడకబెట్టేది. పైకి తేలిన నూనెను గరిటెతో తీసి సర్వలోకి వంచుతుంటే ఆ ఘాటు వాసన మా వాడ దాటి పోశమ్మ గుడి దాకా పోయేది. అది ముక్కుకు తగిలిందంటే చలికాలం నడిమికి వచ్చిందని, సంక్రాంతి దగ్గరపడిందని, ఇక రాత్రిళ్ళు తలకు వెచ్చటి ఆముదం పెట్టించుకుని నాయినమ్మ ఒళ్ళో వాలి ముచ్చట్లు వినే రోజులు వచ్చాయని మాకు తెలిసిపోయేది. మీ ఇంట్లోనూ ఒక నాయినమ్మ ఉండే ఉంటుంది, ఆమె చీర కొంగుకూ ఇదే వాసన ఉండే ఉంటుంది.

మా ఊరు అప్పటి దేవరకొండ తాలూకాలో, డిండి వాగుకు ఇవతల. ఆ వాగు అసలు పేరు దుందుభి. అప్పటి పాలమూరు జిల్లాలో పుట్టి, కొంత దూరం ఆ జిల్లాకూ మా జిల్లాకూ నడుమ హద్దులాగా పారి, కృష్ణలో కలుస్తుంది. వానకాలం పోయినంక వాగంతా ఇసుకే. ఆ ఇసుకలో చెలిమె తీసి, ఊరిన నీళ్ళు ముంతతో తోడి, పాతగుడ్డలో వడగట్టి బిందె నింపుకునేవాళ్ళం. నాగార్జునసాగర్‌కు 1955లో పునాదిరాయి వేసి, 1967లో కాలువలకు నీళ్ళు వదిలినా, ఆ నీళ్ళు మిర్యాలగూడ దిక్కు పల్లానికి పోయాయి. ఎత్తు మీద ఉన్న మా చెల్కలు ఎప్పటిలాగే మొగులును నమ్ముకుని ఉండేవి. జొన్నలు, కందులు, ఆముదాలు, గుట్ట మీద సీతాఫలాలు. అదే మా లోకం, అందులో మాకు కొరత ఏదీ కనిపించేది కాదు.

ఇంట్లో ఏడుగురం. పొయ్యి మీద జొన్నగట్క ఉడికే వేళకు ఎవరైనా చుట్టమో, దారిన పోయే మనిషో వాకిట్లో నిలబడితే, నాయినమ్మ కుండ దిక్కు ఒకసారి చూసి, చెంబెడు నీళ్ళు, దోసెడు జొన్నరవ్వ, కాసింత చల్ల అందులో కలిపి, "చాలేటట్టు చేస్తే చాలుతది బిడ్డా" అనేది. ఆ మాట నేను లెక్కలేనన్నిసార్లు విన్నాను. అందులో ఒక పెద్ద శాస్త్రం దాగి ఉందని తెలియడానికి నాకు ఏడో తరగతి రావలసి వచ్చింది.

మా దగ్గర సామెతను శాత్రం అంటారు. నాయినమ్మ నోట శాత్రం లేకుండా పది మాటలు దొర్లేవి కావు. ఇసుర్రాయి ముందు కూర్చుంటే ఒక తీరుది, కోడలి మీద అలిగితే ఒక తీరుది, అంగట్లో బేరానికి ఇంకో తీరుది. ఒక యేడు మా చిన్నత్తను బతుకమ్మ పండుగకు తోలియ్యకుండా ఆమె అత్తగారు రేపు మాపు అంటుంటే, నాయినమ్మ తంగేడు పూసిన బాట వెంట రెండు కోసులు నడిచిపోయింది. వాళ్ళ అరుగు మీద కూర్చుని, మంచినీళ్ళు తాగి, వాళ్ళ ఎడ్లను మెచ్చుకుని, కందిచేనును మెచ్చుకుని, కోడలు చేతికి వచ్చినంక ఇల్లు ఎంత కళకళలాడుతున్నదో చెప్పి, ఆఖరుకు లేచేటప్పుడు మెల్లగా అన్నది: "ఇయ్యాల తోలియ్యి వదినె. వాన రాకడ, పానం పోకడ ఎవలకెరుక?" వియ్యపురాలు మారు మాట్లాడకుండా లోపలికి పోయి అత్త చీరలు మూట కట్టింది. నేను నాయినమ్మ కొంగు పట్టుకుని పక్కనే ఉన్నాను. కొట్లాట లేదు, బతిమాలుడు లేదు. ఒక్క మాటకు అత్త మా వెంట నడిచి వస్తున్నదని ఆ తోవ పొడుగునా నాకు ఒకటే ఆశ్చర్యం.

ఊరికి మాట చాలా దిక్కుల నుంచి వచ్చేది. కోతలు అయిపోయినంక గొల్లసుద్దుల వాళ్ళు వచ్చేవారు. భుజం మీద గొంగడి, చేతిలో కర్ర, నడుమ కథ చెప్పేవాడు, అటూ ఇటూ వంత పాడేవాళ్ళు. ఒకరు అమాయకంగా ఒక ప్రశ్న అడుగుతారు, ఇంకొకరు తప్పు జవాబు చెబుతారు, సరైన జవాబు మా నోళ్ళలో నుంచే ఊడిపడుతుంది. అట్లా అడిగి అడిగి జనం చేతనే చెప్పించే ఆ పద్ధతినే పట్టుకుని సుద్దాల హనుమంతు తెలంగాణ సాయుధ పోరాటం నాడు మా జిల్లా ఊళ్ళను మేల్కొలిపాడని పెద్దయ్యాక తెలిసింది. మనిషి తన నోటితో తాను ఒప్పుకున్న మాటను ఇక తీసేయలేడు కదా.

వాగు అవతలి నుంచి కిన్నెర పట్టుకుని వచ్చే ఒక ముసలాయన ఉండేవాడు. ఉన్నోళ్ళను కొట్టి లేనోళ్ళకు పంచిన పండుగ సాయన్న కథ పాడేవాడు. సాయన్న ఎవరింట్లో ఎన్ని గింజలు పోశాడో, ఏ ముసలమ్మ చేతిలో ఎన్ని రూపాయలు పెట్టాడో పాడి, పాడి, చటుక్కున ఆపి, తన జోలె మా గడప ముందర పరిచి మొగులు దిక్కు చూసేవాడు. నాకింత పెట్టుమని ఎన్నడూ నోరు తెరిచి అడగలేదు. మా అమ్మ చాటెడు జొన్నలు తెచ్చి పోసేది. కిన్నెర మెట్ల మీదనే ఆ కథ పాడే దర్శనం మొగులయ్యకు 2022లో పద్మశ్రీ వచ్చిందని విన్ననాడు నాకు మా వాకిలి, ఆ జోలె, ఆ చాట కళ్ళ ముందు నిలిచాయి.

తాత ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. చుట్ట ముట్టించుకుంటే మాత్రం దేవరకొండ సభ ముచ్చట తీసేవాడు. 1931లో నిజాం రాష్ట్ర ఆంధ్ర మహాసభ రెండోసారి దేవరకొండలో జరిగింది. అధ్యక్షులు బూర్గుల రామకృష్ణారావు గారు. ఆయన పుట్టింది వాగు అవతలి కల్వకుర్తి తాలూకా పడకల్లులో. తాతకు అప్పటికి మీసం రాలేదు. కచ్చీరులో కాగితం ఉర్దూ, పెద్ద చదువు ఉర్దూ, అధికారి నోటి మాట ఉర్దూ. అటువంటి రోజుల్లో చదువుకున్న పెద్దమనుషులు ఒక్కచోట చేరి తెలుగులో మాట్లాడతారట అని విని, సద్దిమూట భుజానికి వేసుకుని నడిచిపోయాడు. అక్కడ ఏమేమి తీర్మానాలు చేశారు తాతా అని అడిగితే గుర్తుండేది కాదు. "మన మాట అంత పెద్దగుంటదని నాకు ఆనాడు ఎరుకైంది బిడ్డా" అనేవాడు. చుట్ట ఆరిపోయేది, ఆయన ఇంకా అటే చూస్తుండేవాడు.

మా తెలుగు సారు కూడా ఉర్దూ బడిలోనే చదువుకుని, తెలుగును ప్రేమకొద్దీ సొంతంగా నేర్చుకున్నవాడు. తెల్ల ధోవతి, చేతిలో గొడుగు, జేబులో సుద్దముక్క. 1974లో నేను ఏడో తరగతి. జనవరి 26కు తాలూకాలో వక్తృత్వ పోటీ ఉందని, మా బడి నుంచి ఇద్దరిని తీసుకుపోవాలని ఆయన మమ్మల్ని యాప చెట్టు కింద కూర్చోబెట్టి తయారు చేస్తున్నాడు. మేము పుస్తకాల్లో నుంచి పెద్ద పెద్ద మాటలు ఏరుకుని బట్టీ పట్టి, ఊపిరి ఆపుకుని ఒప్పజెప్పేవాళ్ళం. సారు ఓపికగా వినేవాడు. ఒకనాడు మాత్రం అడిగాడు: "ఇంత సేపు చెప్పిన్రు, ఎవలకు చెప్పిన్రు?" మాకు జవాబు తోచలేదు.

అప్పుడు ఆయన ఒక కథ చెప్పాడు. 1921లో హైదరాబాదులో సంఘసంస్కర్త కర్వే గారి అధ్యక్షతన పెద్ద సభ జరుగుతుంటే, ఆలంపల్లి వెంకటరామారావు అనే ఆయన తెలుగులో మాట్లాడటానికి లేచాడు. సభలోవాళ్ళు గోల చేసి, చప్పట్లు కొట్టి ఆయనను మాట్లాడనియ్యలేదు. ఆ అవమానం తగిలిన తెలుగువాళ్ళు కొందరు అప్పటికప్పుడు కూడి ఆంధ్ర జనసంఘం పెట్టుకున్నారు. మీ తాత నడిచిపోయిన దేవరకొండ సభకు విత్తనం ఆనాడే పడిందని నా దిక్కు చూసి అన్నాడు. నాకు ఒళ్ళు గగుర్పొడిచింది.

"ఇంకొకాయన, మీ తెలంగాణల కవులే లేరన్నడు. ఏం జేస్తరు?" అని అడిగాడు సారు. గట్టిగా తిట్టాలని ఒకడు, ఉన్నారని చెప్పాలని ఒకడు. "మన పాలమూరు జిల్లాల పుట్టిన సురవరం ప్రతాపరెడ్డి గారు తిట్టలే. 1926ల గోలకొండ పత్రిక పెట్టిండు గద, దాని బలంతోటి ఊరూరి కవుల పద్యాలు కూడబెట్టి, 1934ల గోలకొండ కవుల సంచిక అచ్చేసిండు. మూడువందల యాభై నలుగురు కవులు! పుస్తకం ముందర పెట్టి ఊకున్నడు. లేరన్న మాట దానంతట అదే సచ్చిపోయింది." సారు గొంతు వణికింది. యాప ఆకులు రాలుతున్నాయి, ఎవరం కదల్లేదు.

ఆనాడు ఇచ్చిన ఇంటిపని నాకు ఈనాటికీ మరుపు రాదు. "మీ ఇంట్ల, మీ వాడల, ఒకలు ఇంకొకలను ఒప్పించిన మాట ఒక్కటి ఇని రాండి. బుక్కుల నుంచి కాదు, నోట్ల నుంచి."

మరునాడు నల్లబల్ల నిండింది. నేను నాయినమ్మ మాట చెప్పాను. సారు రాకడ కింద, పోకడ కింద గీతలు గీసి, "రెండు తునకలు ఒక్క తూకం, చివర ఒక్క మోత, ఇది అంత్యానుప్రాస. జవాబు అక్కర లేని ప్రశ్న, విన్నోళ్ళ గుండెల్నే జవాబు పుడుతది. బిడ్డను తోలియ్యి అన్న ఒక్క ఇంటి మాటకు లోకమంతటి సత్యాన్ని సాక్ష్యంగ నిలబెట్టింది, దీన్ని అర్థాంతరన్యాసం అంటరు" అని పెద్ద అక్షరాలతో రాశాడు. మా నాయినమ్మ మాటకు అంత పెద్ద పేరు ఉందని నా రొమ్ము ఉప్పొంగింది.

గొర్లకాపరి కొడుకు లేచాడు. వాళ్ళ నాయిన ఒక రైతుతో మంద పెట్టే బేరం ఆడుతూ అన్నాడట: "నా మంద నీ చెల్కల ఒక్క రాత్రి పండితే, నీ చెల్క మూడేండ్లు పండుతది." సారు సుద్దముక్క వదిలి రెండు చేతులు జోడించాడు. మా దగ్గర పండటం అంటే పడుకోవడం కూడా. గొర్లు పండటం ఒకటి, పంట పండటం ఒకటి. మాట అదే, అర్థం వేరు. "యమకం! బడికి పోనోడు కట్టిన యమకం! ఒక్క రాత్రి పక్కన మూడేండ్లు పెట్టిండు సూడు, అతిశయోక్తి గుడ ఉన్నది. గొర్ల ఎరువు బలమెంతో రైతుకు తెలుసు, అందుకే అది అబద్ధమనిపియ్యది."

కుమ్మరివాళ్ళ పిల్ల సిగ్గుపడుతూ చెప్పింది. అంగట్లో ఎవరో కుండ ధర తగ్గించమంటే వాళ్ళమ్మ అన్నది: "మన్ను తొక్కితె ముద్ద, ముద్ద తిప్పితె కుండ, కుండ కాల్తెనె మా ఇంట్ల బువ్వ. ఏ కాడ తగ్గియ్యాలె అక్కా?" ముందటి ముక్క ఎక్కడ విడిచిందో వెనుకటి ముక్క అక్కడ అందుకున్నది కాబట్టి అది ముక్తపదగ్రస్తమని సారు చెప్పాడు. గొలుసులో ఏ కొక్కెమూ తీయడానికి వీలు లేనట్టు, ఆ ధరలో నుంచి పైసా తీయడానికి వీలు లేకుండా మాట కట్టింది ఆ తల్లి.

ఆఖరుకు వాగు అవతలి నుంచి వచ్చి మా ఊళ్ళో అమ్మమ్మ దగ్గర ఉంటున్న పిల్లగాడు లేచాడు. వాళ్ళ అమ్మానాయినలు గుంపు మేస్త్రీ వెంట ఎక్కడికో కట్ట పనికి పోయారు. పాలమూరు లేబర్ అంటే దేశమంతటా డ్యాములకు, కాలువలకు మట్టి మోసినవాళ్ళు కదా. మేస్త్రీ వాళ్ళ గుడిసె ముందర చెప్పిన మాట వాడికి కంఠతా వచ్చు. "తిండి మాది, బండి మాది, పండుగకు తోలిచ్చే పూచీ మాది." చెప్పి వాడు కూర్చోలేదు. "రెండు పండుగలు వొయినయి సార్, ఇంక రాలే" అన్నాడు.

ఆ మాట కూడా సారు బల్ల మీద రాశాడు. తిండి, బండి, పండుగ, మూడింటి కింద గీతలు గీశాడు. చాలా సేపు మౌనంగా ఉన్నాడు. తరువాత వాడి దగ్గరికి వచ్చి భుజం మీద చెయ్యి వేసి అందరికీ చెప్పాడు: "మూడుసార్లు మాది మాది అన్నడు. మూడో మాట కాడికి వచ్చేసరికి మనం తల ఊపుతం. మాట ఎట్ల కట్టిన్రో తెలిస్తెనే, మనల్ని ఎట్ల కడుతున్నరో తెలుస్తది. అందుకు గుడ నేర్సుకోవాలె బిడ్డా ఇది."

గంట కొట్టే ముందు అలంకారం అన్న పదాన్ని విడదీసి చూపించాడు. అందులో ఉన్న 'అలం' అన్న చిన్న మాటకు అమరకోశం నాలుగు అర్థాలు చెప్పిందట. భూషణం ఒకటి. చాలినంత అన్నది ఒకటి. బలం ఒకటి. వద్దు, ఆగు అన్నది ఇంకొకటి. "అందరు మొదటిదే పట్టుకుని అలంకారమంటే నగ అనుకుంటరు. నా మటుకైతే రెండోదే అసలుది. చాలని మాటను చాలేటట్టు చేసేది అలంకారం." మా పొయ్యి, కుండ, చెంబెడు నీళ్ళు పోస్తున్న నాయినమ్మ చెయ్యి నాకు ఆ నల్లబల్ల మీద కనిపించాయి.

పోటీలో నాకు రెండో బహుమతి, ఒక స్టీలు గ్లాసు. అంతకంటే పెద్దది ఆ వేసవిలో దక్కింది. ఏడో తరగతి అయిపోతే పెద్దబడి దేవరకొండలోనే. నాయినకు పంపే ధైర్యం లేదు. ఒక రాత్రి ఆయన కాళ్ళు కడుక్కుని, గట్క, పచ్చిపులుసు తిని, గోడకు ఆనుకునే దాకా నాయినమ్మ ఏమీ అనలేదు. కడుపు నిండక ముందు చెప్పిన మాట చెవికెక్కదని ఆమెకు తెలుసు. అప్పుడు మొదలుపెట్టింది. "నువ్వనేదాంట్ల తప్పు లేదు కొడుకా. పైసల్లేవు, నిజమే. పొల్ల చిన్నది, నిజమే. చేనుకాడ ఒక చెయ్యి తక్కువైతది, అది గుడ నిజమే." నాయిన అనదలచినవన్నీ ఆమే అనేసింది. కాసేపు ఆగి, "మీ నాయిన గీ తొవ్వల్నే దేవరకొండకు నడిచిపోయిండు, మాట ఇనేటందుకు. నీ బిడ్డ గదే తొవ్వల పోతనంటున్నది, మాట నేర్సేటందుకు. ఆయిన కాళ్ళకు అడ్డం రాని ఊరు దీని కాళ్ళకు అడ్డమొస్తదా?" అని, కంచం తీసుకుని లేచిపోయింది. ఇంకొక్క మాట కలపలేదు. నాయిన చీకట్లో చాలా సేపు కూర్చున్నాడు. ఆ వారం అంగడి నుంచి వస్తూ నాకు చెప్పులు కుట్టించి తెచ్చాడు.

తరువాత పెద్ద చదువుల్లో, గ్రీకు దేశపు అరిస్టాటిల్ ఒప్పించే మాటకు మూడు ఆధారాలు చెప్పాడని చదివాను: చెప్పేవారి మీద నమ్మకం, వినేవారి మనసు, మాటలోని న్యాయం. చదువుతుంటే గోడకు ఆనుకున్న నాయిన, కంచం పట్టుకున్న నాయినమ్మ కనిపించారు. తెలుగు టీచరుగా ముప్పై యేండ్లు పిల్లలకు అలంకారాలు చెప్పాను. ప్రతి యేడూ ఒక రోజు పుస్తకం మూసి, ఇంట్లో నుంచి ఒక మాట తెమ్మనేదాన్ని. ప్రతి యేడూ నల్లబల్ల నిండేది.

నల్లబల్ల నిండిన ఆ మొదటి రోజు సాయంత్రమే ఇప్పటికీ నా మనసులో మెదులుతుంటుంది. బడి నుంచి ఉరికొచ్చి, పొయ్యి ముందర కూర్చున్న నాయినమ్మకు అన్నీ చెప్పాను. ఆమె మాటకు ఎంత పెద్ద పేరు ఉందో చెప్పాను. "మా అత్త అంటుండె, నేనంటున్న" అని నవ్వింది. గొర్ల మాట చెప్పాను, కుండ మాట చెప్పాను. మేస్త్రీ మాట, రెండు పండుగల మాట చెప్పాను. నవ్వు ఆగిపోయింది. అలంకారమంటే చాలేటట్టు చేసుడని సారు చెప్పాడన్నాను. ఆమె నా ముఖం చూసింది, తరువాత ఉడుకుతున్న గట్క దిక్కు చూసింది. లేచి చెంబెడు నీళ్ళు, దోసెడు రవ్వ కుండలో పోసి కలిపింది.

"పో బిడ్డా," అన్నది, "ఆ పిలగాన్ని తోలుకరా."